అప్పలసూరి మాస్టారు మిగిల్చి వెళ్లిన పది సెకన్లు

పదహారు రోజుల కిందట, ఉదయం తొమ్మిది దాటిన వేళ, ఆమదాలవలస నుంచి సత్తిబాబు ఫోన్ చేశాడు. "పంతులూ, మాస్టారు ఎల్లిపోనారు" అన్నాడు. ముప్పై మూడేళ్లు తెలుగు పండితుడిగా పనిచేసి, చనిపోవడానికి ఇరవై పర్యాయపదాలు పిల్లల చేత వల్లె వేయించినవాణ్ణి. వాటిలో ఒక్కటీ ఆ క్షణాన నాకు తట్టలేదు. "ఎక్కడికి?" అని అడిగాను. "అది నాకేటి తెలస్తాది పంతులూ. సదూకున్నోడివి నువ్వు కదా" అన్నాడు. విజయనగరంలో మా ఇంటి వరండాలోంచి అలాగే స్టేషనుకు బయల్దేరాను.

పొద్దున్నే టీ తాగి, పేపరు మొదటి పేజీ నుంచి ఆఖరి పేజీ దాకా తిరగేసి, "కాసేపు నడుం వాలుస్తాను" అని ఇంట్లో చెప్పి పక్క మీద వాలిన అప్పలసూరి మాస్టారు మరి లేవలేదు. ఎనభై నిండడానికి ఇంకా నెలలున్నాయి. ఈ వార్త నాకు అశనిపాతమైందని రాయబోయి కలం ఆపాను. ఒకప్పుడు ఒక సంతాప సభలో నేనా మాట వాడితే, వేదిక దిగాక ఆయన నా భుజం మీద చెయ్యి వేసి, "పిడుగు అను పంతులూ. పడినప్పుడు ఎవడికీ సమాసాలు గుర్తు రావు" అన్నారు. అందుచేత ఉన్నదున్నట్టు రాస్తున్నాను. పిడుగు పడింది.

ఈ వ్యాసం చదివేవారిలో చాలామందికి ఆయన పేరు తెలియకపోవచ్చు. ఆయన గీసిన ముసలమ్మ మాత్రం తెలిసే ఉంటుంది. శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో బడి చదువు చదివిన ఏ మనిషినైనా "దూదిపింజ చూశావా?" అని అడగండి. గోడకు కట్టిన తెల్ల దుప్పటి, దాని మీద కదిలే బొమ్మ, చీకటి చెయ్యడానికి కిటికీలకు కప్పిన గోనెపట్టాలు అన్నీ చెబుతారు. అప్పలసూరి మాస్టారి సారథ్యంలో మేం నలుగురం కలిసి నలభై ఏళ్ల కిందట చేసిన ఏడు నిమిషాల కార్టూను అది. ఆ తరవాత టీవీలో వచ్చింది, ఇప్పుడు పిల్లల ఫోన్లలోకీ వచ్చింది.

కథ చిన్నది. పొందూరులో ఒక ముసలమ్మ వాలుగ చేప దవడతో పత్తి ఏకుతూ ఉంటుంది. ఒక దూదిపింజ ఆమె చేతిలోంచి జారి కిటికీలోంచి ఎగిరిపోతుంది. ముసలమ్మ దాని వెంట పడుతుంది. పింజ వరిచేల మీదుగా, ఆమదాలవలస స్టేషనులో ఆగిన పాసింజరు రైలు కప్పు మీదుగా, నాగావళి దాకా పోతుంది. పోయేకొద్దీ పెరిగి పెరిగి మబ్బవుతుంది. ఏట్లో ఒక వాలుగ చేప తలెత్తి చూస్తుంది. తన జాతి పళ్లు దువ్విన దూది, వానై దాని మీద కురుస్తుంది. రొప్పుతూ వచ్చిన ముసలమ్మ ఏటి గట్టు మీద ఆగుతుంది. అక్కడితో బొమ్మ తెగిపోతుంది.

అలా తెగిపోవడం మా కళాదృష్టి అని కొందరు విజ్ఞులు రాశారు. చదివి సిగ్గుపడ్డాం గాని ఖండించలేదు. నిజమేమిటంటే, ఒక తుఫానుకు సత్తిబాబు స్టూడియో కప్పు లేచిపోయి, రీలు చివర తడిసి, చుట్టకు చుట్ట అతుక్కుపోయింది. ఆఖరి నలభై సెకన్లు పోయాయి. గీసిన బొమ్మలు కూడా నాని ముద్దయ్యాయి. మా దగ్గరున్నది ఒక్కటే ప్రతి. మిగిలిన భాగం నుంచే తరవాతి ప్రతులన్నీ తీశారు.

అప్పటి నుంచీ ఏ బడిలో వేసినా మాస్టారు వెంట వెళ్లేవారు. తెర తెల్లబడగానే పిల్లలు "తరవాతేటయింది?" అని అరిచేవారు. ఆయన లేచి మిగతా కథ నోటితో చెప్పేవారు. చేతులూ మెడా తిప్పుతూ, వంగి, లేచి, ముసలమ్మై చెప్పేవారు. ఒక పెళ్లిలో ఇద్దరు ఇంజినీర్లు అన్నం దగ్గర వాదులాడుకోవడం విన్నాను. పాలకొండలో చదివినవాడు ముసలమ్మ వానలో గెంతుతుందంటాడు. చీపురుపల్లిలో చదివినవాడు, కాదు, చేపతో మాట్లాడుతుందంటాడు. ఇద్దరూ స్వయంగా విన్నామంటారు. మాస్టారిని నిలదీశాను. "ఆ బడి పిల్లలు గెంతే రకం. ఈ బడి పిల్లలు ఆలోసించే రకం. ఎవులికి తగ్గది ఆలకి సెప్పినాను" అన్నారు. "అసలుది ఏమిటండీ?" అంటే, "అసలుది ఏట్లో పోయింది" అన్నారు.

అటువంటి మనిషి ఆఖరి ఏడాదంతా ఒక్క పని మీద కూర్చున్నారు. ఆ నలభై సెకన్లనూ తిరిగి గీయడం. "నేనున్నన్నాల్లూ నోటితో సెప్తాను. నేను పోయినాక ఆ ముసల్ది గట్టు మీదే ఉండిపోతాది పంతులూ" అన్నారు నాతో. ముప్పై సెకన్లు పూర్తయ్యాయి. పది మిగిలాయి.

ఈ పది సెకన్ల సంగతి చెప్పాలంటే, మేం నలుగురం ఎలా కలిశామో చెప్పాలి. నేనూ ఆయనా ఆమదాలవలసలో ఒకే బడిలో పనిచేసేవాళ్లం. స్టేషను ఎదుట టీ బడ్డీ పక్కన సత్తిబాబు ఫొటో స్టూడియో. మిషను ఆసుపత్రిలో నర్సుగా చేసే సువార్తమ్మ రోజూ అక్కడే రైలు దిగేది. ఆ రోజుల్లో రైలు టికెట్లు చిన్న అట్టముక్కలుగా ఉండేవి. వాడేసిన టికెట్ల కట్ట ఒకటి స్టేషనులో అడిగి తెచ్చుకుని, వెనక వైపున మాస్టారు ముప్పై కాకులు గీశారు. బొటనవేలితో కట్టను జర్రున వదిలితే కాకి నాలుగడుగులు వేసి మెడ తిప్పి చూసింది. సువార్తమ్మ టీ గ్లాసు పట్టుకుని, "కాకి నడుస్తంది మాస్టారూ" అంది.

"కాదమ్మా. నేనేసినవి ముప్పై కాకులు. ఒక్కటీ నడవలేదు. నడిపించింది నీ కన్ను" అన్నారాయన.

ఆ మాటకు ముగ్గురం పడిపోయాం. అప్పట్లో నేను యువకుణ్ణి, రచయితనని అనుకునేవాణ్ణి. రెండో రోగం ముదిరింది కాబట్టి మొదటిదానికంటే ఎక్కువ కాలం ఉంది.

ఆయన పని పద్ధతి మరెవరికీ ఉండదు. ఒక కదలికలో మొదటి బొమ్మా చివరి బొమ్మా తాను గీసేవారు. మధ్యలోవి మాకు వదిలేసేవారు. ముసలమ్మ కూర్చున్న బొమ్మ ఆయనది, నిలుచున్న బొమ్మ ఆయనది. కూర్చున్నది నిలుచునేలోపు వచ్చే పన్నెండో పదిహేనో బొమ్మలు సువార్తమ్మా సత్తిబాబూ పంచుకునేవారు. మా గీత వంకర పోతే ఆయన దిద్దేవారు కారు. రబ్బరు ఆయన దగ్గర నేనెప్పుడూ చూడలేదు. "దిద్దితే నా బొమ్మ అవుతాది. నా బొమ్మలు నాకు సాలా ఉన్నాయి" అనేవారు. అందుకే దూదిపింజలో ముసలమ్మ ఒంటి గీత సన్నగా అదురుతూ ఉంటుంది. ఊపిరి పీలుస్తున్నట్టుంటుంది. దానికీ విజ్ఞులు ఏదో పేరు పెట్టారు. మూడు చేతులు గీసిన ఒక మనిషి అలాగే ఉంటుంది.

బొమ్మలు గీసి రంగులద్దడానికి పారదర్శకమైన ఫిల్ము కావాలి. అది ఎక్కడో బొంబాయిలో దొరికేది. సువార్తమ్మ ఆసుపత్రిలో పారేసే పాత ఎక్సరేలు అడిగి తెచ్చి, సోడా నీళ్లలో నానబెట్టి, పీచుతో తోమి తెల్లగా తీసేది. ఆరబెట్టిన ఎక్సరేల మధ్య కూర్చుని కీర్తన కూనిరాగం తీస్తూ రంగులు వేసేది. ఒక దాంట్లో మాత్రం ఎంత తోమినా ఎవరివో పక్కటెముకలు లీలగా మిగిలాయి. పారేద్దామంది. "మబ్బుకి వాడు. ఎముకలుంటే గట్టిగా ఉరుముతాది" అన్నారు మాస్టారు. అయిదో నిమిషంలో మబ్బు కమ్ముకొచ్చే చోట నిదానించి చూడండి. పేరు తెలియని ఆ రోగి ఎడమ పక్కటెముకలు నాలుగు కనిపిస్తాయి. అతను బతికే ఉన్నాడని మేం నమ్ముతూ వచ్చాం. అతనికి తెలియకుండా అతని చేత వాన కురిపించాం మరి.

ఇక నా వంతు. సంభాషణలు రాయమన్నారు. నలభై వాక్యాలు రాశాను. "ఓసీ శ్వేతమేఘమా, ఏల నన్ను వీడిపోవుచున్నావు" అని నా ముసలమ్మ విలపించింది. సువార్తమ్మ గట్టిగా చదివింది. సత్తిబాబు కెమెరా మీద చెయ్యి వేసుకుని నవ్వాడు. మాస్టారు నవ్వలేదు. "పంతులూ, మన ముసల్ది పొందూరుది. నీ ముసల్ది పొత్తకంలోది. ఈలిద్దరికీ పడదు" అని నలభై వాక్యాలూ తీసేశారు. దూదిపింజలో రాట్నం చప్పుడు, రైలు కూత, వాన, సువార్తమ్మ హార్మోనియం తప్ప ఒక్క మాట లేదు. అయినా మొదట్లో వచ్చే పేర్లలో "మాటలు" అని నా పేరు వేశారు. తీసెయ్యమని బతిమాలాను. "ఏ మాటలు వొద్దో తెలవాలంటే ముందు ఎవుడో ఒకడు రాయాల కదేటి" అన్నారు. ఒక్క మాటైనా లేని చిత్రానికి మాటల రచయితగా నాకు వచ్చిన కీర్తి, అన్ని వ్యాసాలు రాసిన నా కలానికి రాలేదు.

మాటలు పోయాక నాకు ఇంకో పని ఇచ్చారు. బొమ్మల మూలలో వరస సంఖ్యలు వెయ్యడం. సత్తిబాబు ఆ వరసలో ఒక్కొక్కటీ కెమెరా కింద పెట్టి తియ్యాలి. నేను తెలుగు పండితుణ్ణి కదా. భాషాభిమానం పొంగి తెలుగు అంకెల్లో వేశాను. ఆ అంకెలు సత్తిబాబు బడిలో నేర్చుకున్నదీ లేదు, అడగడానికి అభిమానం ఒప్పిందీ లేదు. నా ఒకటి వాడికి అరిగిపోయిన సున్నాలా కనిపించింది. మిగతావి పోలికను బట్టి సర్దుకున్నాడు. రీలు కడిగించి తెచ్చి వేసి చూస్తే, రైలు పట్టాల దగ్గర ముసలమ్మ ముందుకు మూడడుగులు వేసి, రెండు వెనక్కి వేసి, అక్కడే ఆగి, మళ్లీ ముందుకు కదిలింది.

"ఈ అంకెలు ఎవుడేసినాడు?" అని సత్తిబాబు.

"ఆ అంకెలు ఎవడు చదవలేదు?" అని నేను.

ఇద్దరం స్టూడియోలో కలబడడానికి సిద్ధమైతే, మాస్టారు మా మధ్య నుంచి వంగి తెర వైపే చూస్తూ, "ఇంకోపాలి ఎయ్యరా" అన్నారు. మళ్లీ చూశారు. "ఉండనీ. ముసల్ది ఆలోసిస్తంది. ఇంటికెల్లిపోదునా, పింజ ఎనకాల పోదునా అని. నాకీ సంగతి తట్టలేదు" అన్నారు. దూదిపింజ చూసినవారు ఎక్కువగా తలుచుకునేది ఆ మూడు సెకన్లనే. "ఎంత సూక్ష్మమైన మనస్తత్వ చిత్రణ" అని ఒక పెద్దాయన హైదరాబాదులో మాస్టారి చేతులు పట్టుకుంటే, ఈయన సత్తిబాబునూ నన్నూ ముందుకు తోసి, "ఆ సిత్రణ ఈలిద్దరిదీనండి" అని చెప్పారు. ఒకరి తప్పును ఒప్పుగా చూడగలిగినవారు లోకంలో ఉంటారు. ఆ ఒప్పును తిరిగి తప్పు చేసినవాడికే అప్పగించేవారు అరుదు. నేను చూసినది ఒక్కరినే.

ఏడాది కిందట నలభై సెకన్లు తిరిగి గీద్దామని ఆయన కబురు పెట్టినప్పుడు మేమెవరం ఒప్పుకోలేదు. సువార్తమ్మ కొత్తవలసలో కూతురి దగ్గర ఉంటోంది, రెండు కళ్లకూ ఆపరేషను అయింది. సత్తిబాబు స్టూడియో జెరాక్సు కొట్టయింది. నాకు మెడ నొప్పి, చేతకానితనం ఎప్పటిలాగే ఉన్నాయి. మీరొక్కరే గీసేయండి మాస్టారూ, మీకంటే ఎవరు గీయగలరు అన్నాం. ఆయనకు కోపం రావడం నేను చూసిన రెండు మూడు సార్లలో అది ఒకటి.

"ఆరు నిమిసాలు మూడు సేతులు గీసినాయి. ఆకరిది ఒక్క సెయ్యి గీస్తే అతుకు కనపడతాది. పిల్లలు కనిపెట్టేస్తారు. రండి" అన్నారు.

వెళ్లాం. ప్రతి శనివారం సువార్తమ్మ కొత్తవలసలో రైలెక్కితే, విజయనగరంలో నేనెక్కేవాణ్ణి. ఆమదాలవలసలో దిగి మాస్టారి వరండాలో కూర్చునేవాళ్లం. మాస్టారి చెయ్యి అప్పటికే వణుకుతోంది. మొదటి బొమ్మ గీయగానే సువార్తమ్మ చూసి మొహమాటపడుతూ, "గీత వొణుకుతంది మాస్టారూ" అంది. ఆయన అద్దాలు పైకి తోసి చూసుకున్నారు. "అది నా వొణుకు కాదమ్మా. ముసల్దానిది. అప్పుడు నాకు వొయసు తక్కువ, సరిగ్గా గియ్యలేకపోనాను" అన్నారు. అలా నవ్వుకుంటూ ముప్పై సెకన్లు గీశాం. సెకనుకు పన్నెండు బొమ్మల చొప్పున మూడు వందల అరవై. ముసలమ్మ గట్టు మీద ఆగి, తలెత్తి, వానలోకి అరచెయ్యి చాచడంతో ముప్పయ్యో సెకను పూర్తయింది. "మిగతా పదీ వచ్చే వారం. సివరి బొమ్మ నేనేసి ఉంచుతాను" అన్నారు. వచ్చే వారం రాకుండానే సత్తిబాబు ఫోన్ వచ్చింది.

దినకార్యం అయిన మర్నాడు ముగ్గురం ఆ వరండాలోనే కూర్చున్నాం. మాస్టారి భార్య నరసమ్మగారు ఆయన అట్ట ఫైలు తెచ్చి మా ముందు పెట్టి, లోపలికి వెళ్లకుండా గుమ్మంలోనే కూర్చున్నారు. ఫైల్లో చివరి బొమ్మ ఉంది. చూసి ముగ్గురం తెల్లబోయాం. అందులో ఏరు లేదు, వాన లేదు. ముసలమ్మ తన ఇంట్లో, రాట్నం ముందు, కొత్త దూదిపింజ చేతిలో పట్టుకుని కూర్చుని ఉంది. కింద ఆయన దస్తూరీతో రెండు ముక్కలు: "మధ్యలో నూటపంతొమ్మిది. పంతులు చేత కూడా ఒకటి గీయించండి, దిద్దకండి."

సువార్తమ్మ ఆ బొమ్మను ఫైల్లో తిరిగి పెట్టేసింది. "ఇది పాతది కాదు. పాత ఆకరి బొమ్మకి రంగులేసింది నేను. గట్టు మీద వానలో నిలబడి నవ్వుతాది, అంతే. పోయినదాన్ని ఉన్నట్టుగా తేవాలని కదా మొదలెట్టాం. ఇది ఎలగ ఒప్పుకుంటాం?" అంది.

"ఆయనే గీసినారు కదా" అన్నాడు సత్తిబాబు.

"అప్పుడు కూడా ఆయనే గీసినారు."

"అప్పటోడు వేరు, ఇప్పటోడు వేరు."

"సత్తిబాబూ, పోయినాయన్ని వాడు వీడు అనకు."

"నేననలేదమ్మా, మాట వరసకి..."

ఇద్దరూ నా వైపు తిరిగారు. పండితుణ్ణి గనక తీర్పు చెబుతానని వాళ్ల ఆశ. నాకు ఇంకో సందేహం పట్టుకుంది. ఏది అసలుదో తేలినా, గట్టు మీద చెయ్యి చాచిన మనిషి పది సెకన్లలో ఇంట్లో రాట్నం ముందు ఎలా కూర్చుంటుంది? నూటపంతొమ్మిది బొమ్మల్లో ఏం గీయాలి? పైకే అడిగేశాను. ఆయన ఉంటే చెప్పేవారు కారు, కనీసం గదమాయించేవారు. ఆ వరండాలో మొదటిసారిగా ఆయన లేరన్నది నాకు పూర్తిగా తెలిసింది. ముసలమ్మ గట్టు మీదే ఉండిపోతుందని ఆయన భయపడ్డారు. ఆ భయం నిజమయ్యేలా ఉంది.

"తల తుడుసుకుంటాది" అన్నారు నరసమ్మగారు గుమ్మంలోంచి.

ముగ్గురం అటు చూశాం.

"వొర్సంలో తడిసినోల్లు ఇంటికొచ్చీసి ముందేటి సేస్తారు? తల తుడుసుకుంటారు. కాల్లు కడుక్కుంటారు. అప్పుడు కూసుంటారు. దానికింత తగువేటి?"

"అంటే అమ్మా, గట్టు మీంచి ఇంటికి..." అని నేను నసిగాను.

"నడిసే వొస్తాది బాబూ. నడిసెల్లింది, నడిసొస్తాది. రైలెక్కుతాదేటి?" అన్నారు. "అప్పుడు ఈ వరండాలోనే నన్ను నడిపించినారు. కొంగు తలకి సుట్టించి, నడుం వొంచమనీవోరు. మీరంతా టూడియోలో ఉంటే, నేనిక్కడ నడిసీదాన్ని, ఆయన గీసుకునీవోరు. ముప్పయ్యేల్లు లేవు నాకు. ముసల్దానిలా నడవడం నాకేటి తెలుసు. మాయమ్మని తలుసుకుని నడిసినాను" అన్నారు.

నలభై ఏళ్లలో ఈ సంగతి మాకెవరికీ తెలియదు. మా ముసలమ్మ అని జిల్లాలన్నీ తిప్పుకున్న మనిషి, ప్రతి శనివారం మాకు టీ ఇచ్చిన ఈవిడే. మొదట్లో వచ్చే పేర్లలో ఆమె పేరు లేదు. "ఎందుకమ్మా చెప్పలేదు?" అంటే, "నేనే వొద్దన్నాను. ముసల్ది నేనే అంటే ఊల్లో నవ్వుతారు కదా" అన్నారు.

ఆమె గోడ పట్టుకుని లేచారు. "ఇప్పుడు మాయమ్మని తలుసుకోనక్కర్లేదు" అంటూ వరండా ఆ చివరికి వెళ్లి నిలబడ్డారు. సత్తిబాబు వీడియో తియ్యడానికి ఫోను తీశాడు. "అది నోపల ఎట్టు. ఆయన పెన్సిల్తో గీసుకునీవోరు" అన్నారు. సత్తిబాబు ఫోను జేబులో పెట్టుకున్నాడు. సువార్తమ్మ అప్పటికే ఒళ్లో అట్ట పెట్టుకుని కాగితం బిగించింది. పాతది, కొత్తది అన్న మాట ఆమె మళ్లీ ఎత్తలేదు. "మెల్లిగా రండమ్మా. ఒక్కో అడుక్కీ ఆగండి" అంది.

నరసమ్మగారు నడిచారు. కొంగుతో తల తుడుచుకున్నారు, ముందు ఎడమ పక్క, తరవాత మెడ వెనక. లేని నీళ్లతో కాళ్లు కడుక్కుని, పాదం పాదానికి రాసుకున్నారు. కూర్చునేటప్పుడు కుడి చెయ్యి నేలకు ఆనించి, ఒక మోకాలు ముందు దించి, రెండోదాన్ని చేత్తో తెచ్చి పక్కన పెట్టుకున్నారు. ఎంత గొప్ప చిత్రకారుడికైనా కూర్చుని ఊహిస్తే తట్టే సంగతులు కావివి. కూర్చున్నాక చెయ్యి గాల్లోకి చాచి, ఏదో అందుకుని, వేళ్ల మధ్య విడదీశారు. మాస్టారి చివరి బొమ్మలో ముసలమ్మ చెయ్యి సరిగ్గా అలాగే ఉంది. ఆవిడ ఆ బొమ్మను అప్పటికింకా చూడలేదు.

ఆ మధ్యాహ్నం సత్తిబాబు ఇరవై, సువార్తమ్మ పద్దెనిమిది చిత్తు బొమ్మలు గీశారు. నాకు నేలకు ఆనించిన చెయ్యి అప్పగించారు. ఒక్కటంటే ఒక్క బొమ్మ. చెమటలు పట్టాయి. నా చేతిలో ఆ అయిదు వేళ్లు ఒకసారి ఆరయ్యాయి, ఒకసారి ముల్లంగి దుంపలయ్యాయి. నరసమ్మగారు నా కోసం మళ్లీ నేలకు అలాగే చెయ్యి ఆనించి ఉండిపోయారు.

"అయిందా?" అని అడిగారు.

"పంతులుగారు గీస్తన్నారమ్మా. ఆలీసమవుతాది, సెయ్యి తీసీండి" అన్నాడు సత్తిబాబు.

"గియ్యనీ. నాకేటి తొందర" అన్నారు ఆవిడ.

మాస్టారూ, తమ తిరోధానం వల్ల ఏర్పడిన లోటు పూడ్చరానిది. ఈ వాక్యం నేను ఎందరి గురించో రాశాను, మీ గురించి రాస్తుంటే మాత్రమే అక్షరాలా నిజమని తెలుస్తోంది. మొదటి బొమ్మ గీసి ఇచ్చేవారు ఇక లేరు. మేం చెయ్యగల కొత్త దూదిపింజ ఏదీ లేదు. కాని ఉన్నదానికి ఇంకా ఎనభై బొమ్మలు కావాలి. వచ్చే శనివారం సువార్తమ్మ కొత్తవలసలో ఎక్కుతుంది, విజయనగరంలో నేనెక్కుతాను. పేర్ల పలకను కూడా మళ్లీ రాయిస్తున్నాం. "నడక: నరసమ్మ" అని. ఆవిడ ఈసారి వద్దనలేదు. అక్షరాలు పెద్దవిగా వెయ్యమన్నారు, తనకు కళ్లు సరిగా ఆనవట.